అడగకుండానే పెట్టిన అమ్మ: శారదాదేవికి ఎదుటివాళ్ళ మనసు ఎలా తెలిసేది?



ఈ వారం వీడియోలో శారదామాత జీవితాన్ని క్లుప్తంగా చెప్పుకున్నాం. రామకృష్ణ పరమహంస భార్యగా, వివేకానందుడు మొదలైన శిష్యులందరికీ తల్లిగా ఆమె పేరు మనలో చాలామందికి తెలుసు. వీడియోలో టైమ్ చాలక వదిలేసిన సంఘటనలు కొన్ని ఉన్నాయి. వాటన్నిటినీ ఒక ప్రశ్న చుట్టూ చేర్చి ఇక్కడ రాస్తున్నాను. పక్కవాళ్ళ మనసులో ఏముందో మనకి ఎలా తెలుస్తుంది? తెలిస్తే సరిపోతుందా?

మన తెలుగులో ఒక సామెత ఉంది కదా, అడగందే అమ్మయినా పెట్టదు అని. ఇంట్లో, ఆఫీసులో, అన్నిచోట్లా ఇదే మాట వింటూ పెరిగాం. నీకేం కావాలో నువ్వే నోరు తెరిచి చెప్పాలి, ఎవరూ నీ మనసు చదవరు అని. నిజమే. కానీ ఈ సామెతని తలకిందులు చేసి బతికిన అమ్మ ఒకరున్నారు. ఆమె విషయంలో మాత్రం ఈ సామెత చాలా కఠినంగా నిజమైంది. ఆ రెండూ చెప్పుకుందాం.

తెలియడం వేరు, కరగడం వేరు

ఎంపతీ అనే మాటని ఈ మధ్య అందరం వాడుతున్నాం. మనస్తత్వ శాస్త్రంలో దీన్ని రెండుగా విడదీసి చూస్తారు. ఎదుటివాళ్ళు ఏమనుకుంటున్నారో ఊహించగలగడం ఒకటి. దాన్ని కాగ్నిటివ్ ఎంపతీ అంటారు. వాళ్ళ బాధ మనలో కూడా బాధగా కదలడం రెండోది. దాన్ని ఎమోషనల్ ఎంపతీ అంటారు. రెండూ ఒకటే అనిపిస్తుంది కానీ ఒకటి ఉండి రెండోది లేని మనుషులు మన ఇతిహాసాల్లోనే కనిపిస్తారు.

శకునిని తీసుకోండి. ధర్మరాజు మనసు శకునికి తెలిసినంత బాగా ఇంకెవరికీ తెలియదేమో. జూదానికి పిలిస్తే కాదనలేడని తెలుసు, ఓడినకొద్దీ ఇంకో పందెం కాస్తాడని తెలుసు. అంత తెలిసీ కరగలేదు. ఆ తెలివితోనే ముంచాడు. ఇప్పుడు ధృతరాష్ట్రుణ్ణి చూడండి. కొడుకు మీద ప్రేమకి లోటు లేదు. దుర్యోధనుడు ఏడిస్తే ఆయన గుండె తరుక్కుపోయేది. కానీ ఆ ప్రేమకి చూపు లేదు. కొడుకు ఎటు పోతున్నాడో చూడలేదు, చెప్పినా వినలేదు.

నేను సాఫ్ట్‌వేర్ పనిలో ఉన్నాను కాబట్టి ఇంకో ఉదాహరణ కూడా చెప్తాను. మన ఫోన్లో యాప్‌లకి మనం తర్వాత ఏం చూస్తామో బాగానే తెలుసు. రాత్రి ఒంటిగంటకి మనం ఏ వీడియో దగ్గర ఆగుతామో లెక్క కట్టగలవు. కానీ నిద్ర లేక మన కళ్ళు మండుతున్నాయని వాటికి జాలి ఉండదు. అది తెలియడం మాత్రమే.

తెలియడం, కరగడం రెండూ ఒకే మనిషిలో కలిస్తే ఎలా ఉంటుంది? శారదాదేవి జీవితం దీనికి నాకు తెలిసిన మంచి జవాబు.

రెండు చేతులతో విసిరిన పిల్ల

1853 డిసెంబర్ 22న బెంగాల్‌లోని బాంకురా జిల్లా జయరాంబాటి అనే పల్లెలో ఆమె పుట్టారు. తండ్రి రామచంద్ర ముఖోపాధ్యాయ, తల్లి శ్యామసుందరి. పేద బ్రాహ్మణ కుటుంబం. ఇంటికి పెద్ద కూతురు కాబట్టి తమ్ముళ్ళని ఎత్తుకోవడం, పొలంలో కూలీలకి తిండి మోసుకెళ్ళడం, మెడలోతు నీళ్ళలో దిగి పశువులకి గడ్డి కోసుకురావడం అన్నీ చేశారు. బడి చదువు దాదాపు లేదు. పెద్దయ్యాక కష్టపడి చదవడం నేర్చుకున్నారు కానీ రాయడం పెద్దగా రాలేదు.

1864లో ఆ ప్రాంతంలో కరువు వచ్చింది. రామచంద్రగారి ఇంట్లో అంతకు ముందు ఏడాది పండిన ధాన్యం కొంచెం మిగిలి ఉంది. దాచుకుంటే సొంత పిల్లలకి సరిపోతుంది. ఆయన దాచలేదు. పెద్ద పెద్ద కుండల్లో బియ్యం, పప్పు కలిపి కిచిడీ వండించి, వచ్చిన వాళ్ళందరికీ పెట్టించారు. ఒక్కోసారి జనం మరీ ఎక్కువై, పొయ్యి మీద నుంచి దింపిన కిచిడీ పొగలు కక్కుతూ ఉండగానే వడ్డించాల్సి వచ్చేది. ఆకలితో ఉన్నవాళ్ళు ఆగలేరు. నోట్లో పెట్టుకుంటే కాలుతుంది. పదేళ్ళు దాటిన శారద అప్పుడు విసనకర్ర తెచ్చి, రెండు చేతులతో పట్టుకుని ఆ విస్తళ్ళ మీద విసిరేది.

ఇది చిన్న విషయంలా కనిపిస్తుంది. కానీ ఒక్క నిమిషం ఆగి చూడండి. పెద్దవాళ్ళకి వచ్చిన ఆలోచన అన్నం పెట్టాలి అన్నది. అది దానం. తినబోయేవాళ్ళ నాలుక దగ్గర నిలబడి ఆలోచించింది ఆ పిల్ల. పెట్టేవాళ్ళ వైపు నుంచి చూస్తే వడ్డన అయిపోయింది. తినేవాళ్ళ వైపు నుంచి చూస్తే ఇంకా కాలుతోంది. ఆ తేడా ఆమెకి కనిపించింది. కనిపించాక ఊరుకోలేదు.

ఆమె జీవితమంతా ఇలాంటిదే. ఎదుటివాళ్ళ వైపుకి వెళ్ళి అక్కడ నిలబడి చూడటం, ఆ చూసింది వెంటనే ఏదో ఒక పనిగా మారడం.

ఊరి మాట నమ్మకుండా నడిచి వెళ్ళిన భార్య

1859లో ఆ కాలపు ఆచారం ప్రకారం ఐదేళ్ళ వయసులోనే ఆమెకి పెళ్ళైంది. వరుడు కామార్పుకూర్‌కి చెందిన గదాధర్, అప్పటికి 23 ఏళ్ళు. ఆయనే తర్వాత రామకృష్ణ పరమహంస. పెళ్ళయ్యాక ఆయన కలకత్తా దగ్గర దక్షిణేశ్వరం కాళీ గుడికి వెళ్ళిపోయారు. సాధనలో మునిగిపోయారు. పల్లెలో మాత్రం ఇంకో కథ నడుస్తోంది. ఆయనకి పిచ్చి పట్టిందట, బట్టల మీద ధ్యాస కూడా లేకుండా తిరుగుతున్నాడట అని ఆడవాళ్ళు చెరువు గట్టున చెప్పుకునేవాళ్ళు. ఆ పిచ్చివాడి భార్య అని ఈమె వైపు జాలిగా చూసేవాళ్ళు.

ఆ వయసులో ఎవరైనా ఏం చేస్తారు? ఏడుస్తారు, లేదంటే నమ్మేస్తారు. ఆమె ఆ రెండూ చేయలేదు. తాను స్వయంగా వెళ్ళి చూడాలనుకున్నారు. నిజంగా ఆయనకి బాగోకపోతే తాను ఉండాల్సిన చోటు అదే కదా అన్నది ఆమె లెక్క. 1872లో తండ్రితో కలిసి గంగాస్నానానికి వెళ్ళే యాత్రికులతో కాలినడకన బయల్దేరారు. దాదాపు 100 కిలోమీటర్ల దారి. మధ్యలో తీవ్రమైన జ్వరం వచ్చి పడిపోయారు. కొంచెం తగ్గగానే మళ్ళీ కదిలారు. రాత్రివేళ దక్షిణేశ్వరం చేరుకునేసరికి, పిచ్చివాడని ఊరంతా చెప్పిన ఆ మనిషి ఆమెని తన గదిలోనే పడుకోబెట్టి, మందు ఇప్పించి, కోలుకునేదాకా చూసుకున్నారు. ఊరి మాట అబద్ధమని ఆమెకి అక్కడ తెలిసింది.

ఒక మనిషి గురించి పదిమంది చెప్పింది విని మనం ఒక అభిప్రాయం కట్టేసుకుంటాం. ఆ తర్వాత ఆ మనిషిని చూసినా ఆ అభిప్రాయమే చూస్తాం. ఆమె అంత దూరం నడిచింది ఆ అభిప్రాయాన్ని పక్కన పెట్టడానికి. మనసు తెలుసుకోవాలంటే ముందు దగ్గరికి వెళ్ళాలి. ఆమె చేసిన మొదటి పని అది.

నహబత్‌లో వంట

దక్షిణేశ్వరం గుడి ఆవరణలో నహబత్ అని ఒక కట్టడం ఉంది. సన్నాయి మేళం వాయించడానికి కట్టింది. దాని కింది గది 50 చదరపు అడుగులు కూడా ఉండదు. మన అపార్ట్‌మెంట్లలో బాత్రూమ్ అంత అనుకోండి. మధ్య మధ్యలో పల్లెకి వెళ్ళి వచ్చినా, ఏళ్ళ తరబడి ఆమె ఉన్నది ఆ గదిలోనే. వంట సామాను, కుండలు, ఉట్లు అన్నీ అందులోనే. తలుపు ఎంత పొట్టిదంటే అలవాటయ్యేదాకా తల తగులుతూనే ఉండేది. తెల్లవారుజామున 3 గంటలకే లేచి, ఎవరూ చూడకముందే గంగలో స్నానం చేసి లోపలికి వెళ్ళిపోయేవారు.

రామకృష్ణుల కడుపు సున్నితం, ఆయనకి వేరే వంట. శిష్యులు వస్తే వాళ్ళకి ఇంకో వంట. నరేంద్రుడికి మందపాటి రొట్టెలు, చిక్కటి శనగపప్పు ఇష్టం. రాఖాల్‌కి కిచిడీ ఇష్టం. ఆ ఇరుకు గదిలో ఎవరికి కావలసింది వాళ్ళకి వండేవారు.

అక్కడ జరిగిన ఒక సంగతి నాకు చాలా ఇష్టం. రాత్రి ఎక్కువ తింటే ధ్యానం కుదరదని రామకృష్ణులు కుర్రాళ్ళకి రొట్టెల లెక్క పెట్టారు. ఒక్కొక్కరికి ఇన్ని అని. బాబూరాం, తర్వాత స్వామి ప్రేమానంద అయిన అతను, లెక్క కన్నా ఎక్కువ తింటున్నాడని ఆయనకి తెలిసింది. అడిగితే అమ్మ పెట్టిందన్నాడు. ఆయన నహబత్‌కి వచ్చి, ఇలా చేస్తే వీళ్ళ సాధన ఏమవుతుందని నిలదీశారు. ఆమె ఎప్పుడూ ఆయన మాట కాదనని మనిషి. ఆ రోజు మాత్రం, రెండు రొట్టెలు ఎక్కువ తిన్నందుకు అంత దిగులు పడొద్దని, ఆ పిల్లల భవిష్యత్తు సంగతి తాను చూసుకుంటానని చెప్పేశారు. ఆయన మారు మాట్లాడలేదు.

ఆయన చూసింది సాధకుణ్ణి. ఆమె చూసింది ఆకలేస్తున్న కుర్రాణ్ణి. ఇద్దరూ తప్పు కాదు. కానీ గొప్ప గురువు దృష్టి నుంచి కూడా ఒక పిల్లవాడి కడుపు తప్పిపోవచ్చు. అది పట్టుకోవడానికి ఇంకో మనిషి అక్కడ ఉండాలి.

అలాగే, గతం మంచిది కాదని నలుగురూ వెలివేసిన ఒక స్త్రీ అమ్మ దగ్గరికి వచ్చేది. ఒకరోజు రామకృష్ణులకి భోజనం పళ్ళెం తాను తీసుకెళ్తానని అడిగి తీసుకెళ్ళింది. ఆయన ఆ పళ్ళెం ముట్టుకోలేకపోయారు. ఇకపై ఇంకొకరి చేతికి ఇవ్వనని మాట ఇమ్మని శారదాదేవిని అడిగారు. ఎవరైనా అమ్మా అని అడిగితే కాదనడం తన వల్ల కాదని, అందుకే ఆ మాట ఇవ్వలేనని ఆమె చేతులు జోడించి చెప్పారు. వీలైనంతవరకు తానే తెస్తానని మాత్రం ఒప్పుకున్నారు. చూడండి, భర్త ఇబ్బందీ అర్థమైంది, ఆ స్త్రీ ఆశా అర్థమైంది. ఒకరి కోసం ఇంకొకరిని తోసేయలేదు.

చీకట్లో నాన్నా అని పిలిచింది

జయరాంబాటి వైపు నుంచి దక్షిణేశ్వరం వచ్చే దారిలో తేలో-భేలో అనే మైదానం ఉండేది. దారిదోపిడీలకి పేరుపడ్డ చోటు. ఒకసారి ఆమె నడవలేక వెనకబడ్డారు. తన వల్ల అందరూ చీకట్లో చిక్కుకోకూడదని తోటివాళ్ళని ముందు వెళ్ళిపొమ్మన్నారు. చీకటి పడింది. చేతిలో పెద్ద కర్ర, చేతికి వెండి కడియాలు, నల్లటి భారీ మనిషి ఎదురొచ్చి ఎవరు అని గద్దించాడు.

ఆమె అతన్ని నాన్నా అని పిలిచారు. తోడువాళ్ళు వదిలేసి వెళ్ళారని, దారి తప్పానని, అతని అల్లుడు దక్షిణేశ్వరం గుడిలో ఉంటాడని, అక్కడికే వెళ్తున్నానని చెప్పారు. ఇంతలో అతని భార్య వచ్చింది. ఆమె చెయ్యి పట్టుకుని, తాను వాళ్ళ కూతురు శారదనని, వాళ్ళు రాకపోతే తన గతి ఏమయ్యేదో అని చెప్పుకున్నారు. ఆ దంపతులు కరిగిపోయారు. దగ్గరి ఊళ్ళో ఒక దుకాణంలో ఆమెని పడుకోబెట్టి, బొరుగులు తినిపించి, రాత్రంతా కాపలా ఉన్నారు. తెల్లారాక తారకేశ్వరం దాకా తోడు వచ్చి, తోటివాళ్ళకి అప్పగించారు. దారిలో పొలంలోంచి పచ్చి బఠానీలు కోసి ఆమె కొంగులో పోసిందట ఆ తల్లి. విడిపోయేటప్పుడు ముగ్గురూ ఏడ్చారు. తర్వాత వాళ్ళు కూతుర్ని చూడ్డానికి దక్షిణేశ్వరం కూడా వచ్చారు.

ఇది తెలివైన ఎత్తుగడ అని కొందరు అనొచ్చు. భయపెట్టేవాణ్ణి నాన్నా అంటే మెత్తబడతాడు కదా అని. ఎత్తుగడే అయితే ఆపద దాటగానే ఆ బంధం తెగిపోవాలి. తెగలేదు. వాళ్ళు వచ్చినప్పుడు రామకృష్ణులు అల్లుడిలాగే మర్యాద చేశారని చెప్తారు. ఆ మనిషిలో దొంగతో పాటు ఒక తండ్రి కూడా ఉన్నాడు. ఆమె ఆ తండ్రితో మాట్లాడారు. ఎదుటివాళ్ళ మనసు అర్థం చేసుకోవడం అంటే అందులో ఇప్పుడు ఉన్నది చదవడం ఒక్కటే అనుకుంటాం. మనం ఎలా పలకరిస్తామో దాన్ని బట్టి ఆ మనసులో ఏది బయటికి వస్తుందన్నది కూడా మారుతుంది.

ఉప్పు లేని అన్నం

ఇక కష్టమైన భాగానికి వద్దాం. వీడియోలో దీని గురించి ఒక్క వాక్యమే చెప్పాం.

1886 ఆగస్టు 16న రామకృష్ణులు దేహం చాలించారు. అప్పటికి ఆమెకి 32 ఏళ్ళు. బృందావన యాత్ర తర్వాత ఆమె భర్త ఊరు కామార్పుకూర్ వెళ్ళారు. ఎవరి ముందూ చెయ్యి చాపొద్దని, ఆకుకూర పండించుకుని అన్నంలో తింటూ భగవంతుణ్ణి తలుచుకోమని ఆయన ఆమెకి చెప్పి ఉన్నారు. ఆమె అక్షరాలా అదే చేశారు. దక్షిణేశ్వరం గుడి నుంచి నెలకి వచ్చే 7 రూపాయల భత్యం ఆగిపోయింది. కుర్ర సన్యాసులు తపస్సు కోసం దేశం మీదకి వెళ్ళిపోయారు. ఆమె పలుగు పట్టి నేల తవ్వి ఆకుకూర వేసుకున్నారు. అన్నం వండుకుని ఆ ఆకుకూరతో తిన్నారు. కొన్ని రోజులు అందులోకి ఉప్పు కూడా లేదు.

ఆలోచించండి. ఆమెని అమ్మా అని పిలిచి, ఆమె చేతి రొట్టెలు తిన్నవాళ్ళు ఎంతమంది! వాళ్ళలో ఒక్కరికి కూడా ఆ సంగతి వెంటనే తెలియలేదు. వాళ్ళు చెడ్డవాళ్ళు కాదు. ఆమె అంటే ప్రాణం పెట్టేవాళ్ళు. కానీ జగన్మాత అని కొలిచిన మనిషికి ఉప్పు కావాల్సి వస్తుందన్న ఊహే వాళ్ళకి రాలేదు. ఆమె చెప్పలేదు, వాళ్ళు చూడలేదు. అడగందే అమ్మయినా పెట్టదన్న సామెత ఇక్కడ తిరగబడింది. అమ్మ అడగలేదు కాబట్టి బిడ్డలు పెట్టలేదు.

చివరికి సంగతి బయటపడి కలకత్తా చేరింది. భక్తులు తల్లడిల్లి 1888లో ఆమెని తమ దగ్గరికి పిలిపించుకున్నారు.

నాకు అర్థమైనంతవరకు ఈ సంఘటన మనలాంటి భక్తులకే పాఠం. గౌరవం, ప్రేమ, భక్తి ఇవన్నీ ఉన్నా అర్థం చేసుకోవడం దానంతట అది రాదు. ఒక్కోసారి గౌరవమే అడ్డొస్తుంది. ఒక మనిషిని ఎంత ఎత్తులో కూర్చోబెడితే ఆ మనిషి ఆకలి మనకి అంత తక్కువగా కనిపిస్తుంది. మన ఇళ్ళలో కూడా త్యాగమూర్తి అని పేరు పెట్టేసిన వాళ్ళని ఇంకేం అడగం కదా.

అంజాద్ విస్తరి

తర్వాతి ముప్పై ఏళ్ళు ఆమె కలకత్తాలోనూ జయరాంబాటిలోనూ ఉన్నారు. జయరాంబాటి పక్కనే పట్టుపురుగుల పెంపకంతో బతికే ముస్లిం కుటుంబాలు ఉండేవి. విదేశీ పట్టు పోటీతో ఆ వృత్తి దెబ్బతింది. బతకలేక కొందరు దొంగతనాలకి దిగారు. ఊళ్ళో వాళ్ళంటే భయం. అమ్మ కొత్త ఇంటి పనికి వాళ్ళలో కొందరిని పెట్టుకున్నారు. వాళ్ళలో అంజాద్ ఒకడు.

ఒకరోజు అంజాద్‌ని వరండాలో కూర్చోబెట్టి అన్నం పెట్టారు. వడ్డిస్తున్న తమ్ముడి కూతురు నళిని, మైల అంటుతుందని దూరం నుంచే విస్తట్లోకి విసురుతోంది. అమ్మ చూశారు. అలా పెడితే తినేవాడికి ముద్ద ఎలా దిగుతుందని నళినిని మందలించి, తానే కూర్చుని వడ్డించారు. తిన్నాక ఎంగిలి చోటు స్వయంగా శుభ్రం చేశారు. కులం పోతుందని నళిని కేకలు పెడితే, తనకి శరత్ ఎలా కొడుకో అంజాద్ కూడా అలాగే కొడుకని తేల్చేశారు. శరత్ అంటే స్వామి శారదానంద, రామకృష్ణ మఠం పెద్దల్లో ఒకరు, అమ్మ బాగోగులు చూసిన సన్యాసి.

గమనించండి, నళిని కూడా అన్నం పెట్టింది. పరిమాణంలో తేడా లేదు. విసిరిన అన్నం తినేవాడికి ఎలా ఉంటుందన్నది మాత్రం ఆమెకి తట్టలేదు. 1864లో కిచిడీ మీద విసనకర్ర పట్టిన పిల్లకి అరవై ఏళ్ళు దాటాక కూడా అదే కనిపించింది.

తర్వాత అంజాద్ కొంతకాలం కనిపించలేదు. ఒకరోజు ఇంట్లో కాసిన కాయలు బుట్టలో పెట్టుకుని వచ్చాడు. ఇన్నాళ్ళు ఏమైపోయావని అమ్మ అడిగితే, ఆవును దొంగిలించి జైలుకి వెళ్ళానని దాచకుండా చెప్పాడు. ఆమె ఆ విషయం పట్టించుకోకుండా, రాకపోయేసరికి బెంగపడ్డానని మాత్రం చెప్పారు. దొంగతనం మంచిదేనని ఆమె అనలేదు. అతను నిజం చెప్పగలిగిన చోటు ఒకటి లోకంలో ఉంది, ఆ చోటు పోకుండా చూసుకున్నారు.

పిల్లి విషయంలో కూడా అంతే. ఇంట్లో పాలు దొంగిలిస్తోందని ఒక బ్రహ్మచారి దాన్ని కొట్టేవాడు. దొంగిలించడం పిల్లి స్వభావమని, దానికి ప్రేమగా పెట్టేవాళ్ళు ఎవరుంటారని ఆమె నచ్చజెప్పారు. కలకత్తా వెళ్ళేటప్పుడు పిల్లుల కోసం కూడా బియ్యం పొయ్యమని, లేకపోతే అవి పక్కింటికి వెళ్ళి తిట్లు తింటాయని చెప్పి వెళ్ళారు.

భాష రాని చోట

1898 మార్చి 17న ముగ్గురు విదేశీ స్త్రీలు ఆమెని చూడటానికి వచ్చారు. సారా బుల్, జోసెఫిన్ మెక్లియాడ్, తర్వాత సిస్టర్ నివేదిత అయిన మార్గరెట్ నోబుల్. ఆ కాలంలో ఒక బ్రాహ్మణ వితంతువు విదేశీయులతో కలిసి తినడం ఊహకి కూడా అందదు. ఆమె వాళ్ళతో కలిసి తిన్నారు. వివేకానందులకే ఆశ్చర్యం, ఆనందం కలిగాయి. భాష తెలియకపోయినా, దూరం నుంచి వచ్చిన ఆడపిల్లలు ఇంట్లోకి రానిస్తారో లేదో అని ఎంత బెరుకుగా ఉంటారో ఆమెకి ఎవరూ చెప్పక్కర్లేకపోయింది.

1911లో ఆమె దక్షిణ దేశ యాత్రకి వచ్చారు. మద్రాసు, మదురై, రామేశ్వరం, బెంగళూరు. తిరుగు దారిలో మన రాజమండ్రిలో ఒకరోజు ఆగి గోదావరిలో స్నానం చేశారు. ఈసారి పుష్కర ఘాట్‌కి వెళ్ళినప్పుడు గుర్తు చేసుకోండి. ఈ యాత్రలో ఎంతోమంది ఆమె దగ్గర మంత్రదీక్ష తీసుకున్నారు. వాళ్ళ భాష ఆమెకి రాదు, ఆమె బెంగాలీ వాళ్ళకి రాదు. బెంగళూరు ఆశ్రమంలో ఒకరోజు ఆవరణ నిండా జనం కూర్చున్నారు. ఆమె వాళ్ళ మధ్య చాలాసేపు మౌనంగా కూర్చున్నారు. వాళ్ళ భాషలో రెండు మాటలు చెప్పగలిగితే బాగుండేదని ఆమె బాధపడితే, మాటలు లేకుండానే తమ మనసు నిండిందని వాళ్ళు చెప్పి పంపారు.

ఇలాంటివి చదివినప్పుడు మహిమ అని పక్కన పెట్టేయొచ్చు. నాకైతే అంతకన్నా దగ్గరి విషయం కనిపిస్తుంది. ఆమెకి అలవాటు అది. జీవితమంతా మాటల కన్నా ముందు ముఖం చూశారు, చెయ్యి చూశారు, విస్తరి చూశారు. భాష పోయినా ఆ అలవాటు పోలేదు.

అర్థమైనా తీరని బాధ

అర్థం చేసుకుంటే అన్నీ సర్దుకుంటాయని మాత్రం అనుకోకండి. ఆమె ఇంట్లోనే అది అబద్ధమైంది. డాక్టర్ చదువు చదివిన చిన్న తమ్ముడు అభయ్ 1899లో చనిపోయాడు. గర్భంతో ఉన్న అతని భార్య సురబాలకి మతి చలించింది. 1900లో పుట్టిన పాప రాధుని అమ్మే పెంచారు. సురబాల తిట్టేది, ఒకసారి మండుతున్న కట్టె పట్టుకుని మీదికి వచ్చింది. రాధు కూడా పెద్దయ్యాక జబ్బులతో, చిరాకుతో నలిగిపోయేది. ఒకరోజు కోపంతో పెద్ద వంకాయ తీసి అమ్మ వీపు మీదికి విసిరింది. వీపు వాచిపోయింది. ఆమె మొదట చేసిన పని, రాధుకి ఏ కీడూ జరగకూడదని దేవుణ్ణి వేడుకోవడం.

వాళ్ళ మనసులు ఆమెకి తెలియక కాదు. తెలిసినా బాగు చేయలేకపోయారు. అయినా వదల్లేదు, ఏళ్ళ తరబడి.

ఇంకో సంఘటన. బరువులు మోసుకుంటూ జయరాంబాటికి వచ్చే ఒక పేద ముసలి స్త్రీకి, సంపాదించే కొడుకు చనిపోయాడు. ఆ మాట వినగానే అమ్మ బిగ్గరగా ఏడ్చారు. ఎవరి కొడుకు పోయాడో తెలియనంతగా. ఇంట్లోవాళ్ళు పరుగెత్తుకొచ్చారు. ఏడుపు తగ్గాక అమ్మ నూనె తెప్పించి ఆమె తలకి రాయించి, బొరుగులు, బెల్లం కొంగులో కట్టించి పంపారు. వేదాంతం చెప్పలేదు. ముందు ఏడుపు, తర్వాత నూనె. ఏడుపుతోనే ఆగిపోతే ఆ ముసలావిడ ఖాళీ కడుపుతో వెళ్ళేది. నూనె, బొరుగులు మాత్రమే ఇచ్చి ఉంటే ఒంటరిగా వెళ్ళేది.

మనకి మిగిలేది

1920 జూలైలో, కాలాజార్ జ్వరంతో చాలాకాలం బాధపడి, కలకత్తా బాగ్‌బజార్ ఇంట్లో ఆమె దేహం చాలించారు. చివరి రోజుల్లో ఏడుస్తున్న ఒక భక్తురాలికి ఆమె చెప్పిన సారాంశం ఇది: మనశ్శాంతి కావాలంటే ఇతరుల తప్పులు వెతకొద్దు, నీవి చూసుకో, లోకంలో పరాయివాళ్ళు ఎవరూ లేరు, అందరినీ నీవాళ్ళని చేసుకో.

ఇతరుల తప్పులు చూడటం ఎందుకు ఆపాలో నాకు ఆమె జీవితం చదివాకే అర్థమైంది. తప్పు కనిపించిన క్షణం మనం చూడటం ఆపేస్తాం. దొంగ అన్నాక అంజాద్ ఆకలి కనిపించదు. పిచ్చిది అన్నాక సురబాల దుఃఖం కనిపించదు. త్యాగమూర్తి అన్నా అంతే, ఉప్పు లేని అన్నం కనిపించదు.

కాబట్టి ఈ వారం ఒక చిన్న పని చేద్దాం. మన ఇంట్లో, హాస్టల్లో, ఆఫీసులో ఎప్పుడూ ఏమీ అడగని మనిషి ఒకరు ఉంటారు. అందరికీ వడ్డించి చివర్లో తినే అమ్మ కావచ్చు, ఏం ఫర్వాలేదు అనే నాన్న కావచ్చు, రాత్రి డ్యూటీ చేసే సెక్యూరిటీ తాత కావచ్చు. వాళ్ళ గురించి మనకి అంతా తెలుసని అనుకోకుండా, దగ్గరికి వెళ్ళి ఒకసారి చూద్దాం. ఏదైనా కనిపిస్తే, వాళ్ళు అడిగేదాకా ఆగకుండా చేద్దాం.

వచ్చే వారం వీడియోలో మళ్ళీ కలుద్దాం.

శ్రీ మాత్రే నమః.